చుక్క పెట్టని సున్న

నా నోటు పుస్తకంలో నూట డెబ్బై రెండు హదీసులు ఉన్నాయి. ఒక్కొక్కదాని చివర ఒక సున్న ఉంటుంది, ఆ సున్న లోపల ఒక చుక్క ఉంటుంది. ఒక్క సున్నలో మాత్రం చుక్క లేదు. ఆ సంగతి నా కంట పడిన పొద్దున, మా గోపాల్‌పేట దూదేకుల వాడలో ఇరవై రెండు ఇళ్ళ జనం నేను చదివిన మాట పట్టుకుని ప్లేగు మధ్యలో కూర్చుని ఉన్నారు. అందులో నన్ను పెంచిన మా అక్క హుసేనమ్మ కూడా ఉంది.

ఇది ఫసలీ పదమూడు వందల నలభై అయిదు నాటి మాట. ఇప్పటి లెక్కలో పంతొమ్మిది వందల ముప్పై ఆరు. ఏడు ఎందుకు చెప్తున్నానంటే, ఎప్పుడు జరిగిందో చెప్పలేనివాడి మాట మా గురువుగారు చెవిన వేసుకునేవారు కాదు. ఆ అలవాటు నాకూ అంటుకుంది.

నా పేరు లాలప్ప. పరుపులకు, బొంతలకు దూది ఏకి పెట్టడం మా కులం పని. నమాజు చేస్తాం, ఇంట్లో తెలుగు మాట్లాడతాం. వనపర్తిలో ఉర్దూ మాట్లాడే సాయిబులు మమ్మల్ని చూసి ముసిముసిగా నవ్వేవారు. ఆ నవ్వంటే నాకు ఒళ్ళు మండేది. మీకొచ్చింది నాకు మాత్రం ఎందుకు రాదని పంతం పట్టి, ముప్పై ఏళ్ళు దాటాక, వనపర్తిలో మౌల్వీ జైనుల్లా సాహెబు దగ్గరికి హదీసు నేర్చుకోవడానికి వెళ్ళాను. మా ఊరి నుంచి నాలుగు కోసుల నడక. నాకు రాయడం తెలుగులోనే వచ్చు. అరబ్బీ అసలు రాదు, ఉర్దూ కూడబలుక్కుని చదవగలిగేవాణ్ణి.

హదీసు అంటే ప్రవక్తగారు అన్న మాట, చేసిన పని. దాన్ని ఊరికే చెప్పేస్తే కుదరదు. ఆయన దగ్గర ఎవరు విన్నారు, వాళ్ళ దగ్గర ఎవరు విన్నారు, ఆ తర్వాత ఎవరు, ఇట్లా పేర్ల గొలుసు మొత్తం చెప్పి, అప్పుడు మాట చెప్పాలి. గొలుసులో ఒక్కడు అబద్ధాలకోరని తేలితే ఆ మాట చెల్లదు. అబద్ధాలకోరు కాకపోయినా, మతిమరుపు మనిషైతే దాన్ని బలహీనం అంటారు. వెయ్యేళ్ళ కింద చచ్చిపోయిన మనుషుల గుణాలు మా గురువుగారు పక్కింటివాళ్ళ సంగతి చెప్పినంత తేలిగ్గా చెప్పేవారు. ఫలానావాడు మంచివాడే గానీ ముసలితనంలో జ్ఞాపకం చెడింది, కాబట్టి చివరి రోజుల్లో చెప్పినవి పట్టించుకోవద్దు, అని.

నన్నూ అట్లాగే తూచారు. మొదటిరోజే, "దూది తడిపి తూకం పెంచుతవా?" అని అడిగారు. లేదన్నాను. దానితో ఊరుకోలేదు. మా ఊరి నుంచి వనపర్తి సంతకు పోయినవాళ్ళందరినీ ఆరు నెలలపాటు నా గురించి అడిగారట. దూదిలో నీళ్ళు కలిపేవాడు మాటలో కూడా కలుపుతాడని ఆయన లెక్క. ఆరు నెలల తర్వాతే నన్ను చాప మీద కూర్చోనిచ్చారు. లేని మాటను ప్రవక్తగారి పేరు మీద కల్పించినవాడికి నరకంలో చోటు సిద్ధంగా ఉంటుందని ఆరోజే చెప్పారు.

పాఠం జరిగే పద్ధతి ఇది. ఆయన అరబ్బీలో మాట చెప్పేవారు, మిగతా నలుగురు విద్యార్థులు అరబ్బీలోనే రాసుకునేవారు. తర్వాత నా ఒక్కడి కోసం దాని అర్థం తెలుగులో చెప్పేవారు, నేను తెలుగులో రాసుకునేవాణ్ణి. రాయడం అయ్యాక చివర సున్న గీయాలి. పాఠం ముగిశాక ఎవరు రాసుకున్నది వాళ్ళు ఆయనకు చదివి వినిపించాలి. తప్పులుంటే దిద్ది, సరే అన్నాక, అప్పుడు ఆ సున్నలో చుక్క పెట్టాలి. చుక్క లేనిదాన్ని మరొకరికి చదివి వినిపించకూడదు. ఇంత చిన్న పని. నాలుగేళ్ళు తప్పకుండా చేశాను, ఒక్కరోజు తప్ప.

ఊరికి వచ్చి శుక్రవారాలు మా చిన్న మసీదులో చదివేవాణ్ణి. మా వాళ్ళకు మొదటిసారి హదీసు అర్థమయ్యే భాషలో వినపడింది. ఆడవాళ్ళు బయట గోడ పక్కన నిలబడి వినేవారు. మా అక్క అందరికంటే ముందు నిలబడేది. నాకంటే పదిహేనేళ్ళు పెద్దది. అమ్మ పోతే తన మొగుడి ఇంట్లోనే నన్ను పెట్టుకుని పెంచింది. తర్వాత ఆ మొగుడూ పోయాడు, పిల్లలు లేరు. ఇంటింటికీ దూది మోసేది ఆమే. ఆమె చెప్పిన తూకాన్ని ఊళ్ళో ఎవ్వరూ మళ్ళీ తూచేవారు కాదు.

ఆ ఏడు చలికాలంలో ఊళ్ళో ఎలుకలు పడటం మొదలైంది. కోమట్ల వీధిలో ముందు పడ్డాయి. పగటిపూట వెలుతురులోకి వచ్చి, తాగినవాళ్ళలాగా అడ్డదిడ్డంగా తిరిగి, మనుషుల కళ్ళ ముందే వెల్లకిలా పడిపోయేవి. నాలుగు రోజులకు మనుషులకు జ్వరం, గజ్జల్లో బిళ్ళలు. పట్వారీ రాజమౌళి టముకు వేయించాడు. అందరూ ఇళ్ళు ఖాళీ చేసి ఊరి బయట చేన్లలో గుడిసెలు వేసుకోవాలని సర్కారు హుకుం. ఊరంతా మూటలు కట్టుకుంది.

ఆ శుక్రవారం మా వాళ్ళు మసీదులో నా చుట్టూ చేరారు. "లాలప్పా, మన దీన్ల, మన మతంల ఏమున్నది? పోవాల్నా, ఉండాల్నా?" అన్నారు. నేను పుస్తకం తెరిచి, గొలుసు చెప్పి, చదివాను. తెగులు పడ్డ ఊళ్ళోకి వెళ్ళకండి. మీరున్న ఊళ్ళో పడితే, దాన్ని తప్పించుకోవడానికి ఆ ఊరు విడిచి పారిపోకండి. గడప దాటినవాడు నా వాడు కాడు.

ఆ చివరి మాటను నిదానంగా, గట్టిగా చదివాను. వినేవాళ్ళ ముఖాలు మారాయి. ఎంత బాగా చదివానో అని లోపల పొంగిపోయాను కూడా, దాచడం ఎందుకు? ప్రవక్తగారు నా వాడు కాడన్నాక ఇంక గుడిసె ఎవడు వేసుకుంటాడు? ఊరంతా ఖాళీ అయింది, మా వాడ ఒక్కటే మిగిలింది. పట్వారీ వచ్చి బతిమాలాడు, బెదిరించాడు. మా అక్క వీధిలో నిలబడి, "మా తమ్ముడు సదివిండు. గడప దాటేది లేదు," అని ఒకే మాట చెప్పింది. ఎవరైనా జంకితే వాళ్ళ ఇంటికి వెళ్ళి మరీ ధైర్యం చెప్పింది.

ఖాళీ ఊళ్ళో ఉండటం ఎట్లా ఉంటుందో నాకు చెప్పడం చేతకాదు. బావిలో చేద వేసిన శబ్దం ఊరి చివరిదాకా వినపడేది. విల్లు తీసి దూది ఏకుదామని కూర్చుంటే, ఆ టంకారానికి నాకే గుండె గుభేలుమని పక్కన పెట్టేశాను. తొమ్మిదో రోజు మా ఇంటికి రెండిళ్ళ అవతల నబీసాబు చనిపోయాడు. జ్వరం వచ్చిన మూడోనాడే పోయాడు. శవాన్ని ఎత్తడానికి నలుగురు దొరకడం కష్టమైంది. మట్టి ఇచ్చి వచ్చాక అందరూ నా వైపే చూశారు.

మర్నాడు తెల్లవారగానే, వాళ్ళకు ధైర్యం చెప్పడానికి మళ్ళీ అదే చదువుదామని పుస్తకం తెరిచాను. నిజానికి నా ధైర్యం కోసమే తెరిచాను. వాక్యం చివరిదాకా వేలు పెట్టి చదివాను. వేలు సున్న మీద ఆగింది. సున్న ఖాళీగా ఉంది.

మొదట చుక్క చెరిగిపోయిందేమో అనుకున్నాను. ఎండలో పెట్టి చూశాను. లేదు. పేజీలు వెనక్కి తిప్పాను, ముందుకు తిప్పాను. అన్నింటిలో చుక్క ఉంది, దీనిలో లేదు. ఆరోజు పాఠం మధ్యలో గురువుగారు లేచి లోపలికి వెళ్ళిపోవడం గుర్తొచ్చింది. రాసుకున్నది తిరిగి చదివి వినిపించడం జరగలేదు. తర్వాతి వారం అడగాలనుకుని, మిగతావాళ్ళ ముందు చిన్నతనంగా తోచి అడగలేదు. పోనీలే, నేను రాసింది తప్పెందుకవుతుంది అనుకున్నాను. రెండు భయాలు ఒకేసారి పట్టుకున్నాయి. మాట సరైనదే అయితే, చుక్క లేదని దాన్ని అనుమానించినందుకు పాపం. తప్పుదైతే, నబీసాబును నేనే చంపాను.

ఎవరికీ చెప్పకుండా వనపర్తి దారి పట్టాను. మా ఇంటి గడప మీద కాలు పెట్టి, దాటడానికి చాలాసేపు పట్టింది. దాటాను. దారి పొడుగునా, దాటినవాణ్ణి ఇంక ఎవరి వాణ్ణని నన్ను నేనే అడుగుతూ నడిచాను. ఒకచోట జ్వరం వచ్చినట్టు అనిపించి ఆగి గజ్జలు తడుముకున్నాను. ఏమీ లేదు. పది అడుగులు నడిచి మళ్ళీ తడుముకున్నాను.

వనపర్తి పొలిమేరలో బాటకు అడ్డంగా వెదురు కట్టి ఉంది. కావలి సాయన్న కర్ర ఎత్తాడు.

"యాడికెల్లి?"

"గోపాల్‌పేట."

"ఆడనే ఆగు! ఇంకో అడుగేస్తివా, కాలిరగ్గొడ్త," అంటూ వాడే నాలుగడుగులు వెనక్కి వేశాడు. నన్ను చూసి ఒక మనిషి అంత భయపడటం అదే మొదటిసారి.

కాళ్ళావేళ్ళా పడితే మౌల్వీగారికి కబురు పంపాడు. ఆయన వచ్చారు. ఎనభై దగ్గరపడుతున్న మనిషి, చేతికర్రతో, గుడ్డలో చుట్టిన తన సొంత పుస్తకంతో వచ్చారు. వెంట నా తోటి విద్యార్థి ఖాజా మియా ఉన్నాడు, తన ప్రతి పట్టుకుని. వెదురుకు అవతల ఇరవై అడుగుల దూరంలో నిలబడ్డారు.

"హజ్రత్, నేను పారిపోయి రాలే. ఒక మాట అడిగి తిరిగి పోత," అన్నాను.

"తెలుసు. పారిపోయెటోడు పుస్తకం పట్టుకొని రాడు. సదువు."

చదివాను. చివరి మాట వినగానే ఆయన కనుబొమలు ముడిపడ్డాయి. మళ్ళీ చదవమన్నారు. మూడోసారి చదవమన్నారు. తర్వాత, వెయ్యేళ్ళ కిందటి మనిషిని విచారించినట్టే నన్ను విచారించారు.

"ఎప్పుడు విన్నవ్?"

"నాలుగేండ్ల కింద, కంది కోతలప్పుడు. మీ వసారల."

"నీ పక్కన ఎవలున్నరు?"

"కుడి పక్క ఖాజా మియా."

"ఇంటనే రాసినవా, ఇని ఇంటికి పోయి రాసినవా?"

"ఇంటనే రాసిన, హజ్రత్. తల గూడ ఎత్తలే."

ఆయన ఖాజా మియా వైపు తిరిగారు. ఖాజా మియా తన ప్రతిలోంచి అరబ్బీ చదివాడు. పారిపోవద్దన్న మాట దగ్గర ఆగాడు.

"తర్వాత?"

"తర్వాత ఏం లేదు, హజ్రత్. సున్న ఉన్నది."

"చుక్క?"

ఖాజా మియా తల దించుకున్నాడు. "నాదాంట్ల గూడ లేదు."

మౌల్వీగారు తన పుస్తకం విప్పి, కళ్ళకు దగ్గరగా పెట్టుకుని చూశారు. అక్కడా మాట అంతవరకే ఉంది. నేను అబద్ధాలకోరునని ఆయన నోట వినబోతున్నాను. బాట మీదే కూలబడ్డాను.

"హజ్రత్, నేను కల్పియ్యలే. అల్లా తోడు. నా చెవులతోని విన్న. మీ నోటికెల్లే విన్న."

ఆయన పుస్తకం మూసి గుడ్డలో చుట్టారు. తర్వాత ఖాజా మియాను అడిగారు. "ఆ దినం తిరిగి సదివి ఇనిపియ్యుడు ఎందుకు గాలే?"

ఖాజా మియా జవాబు చెప్పడానికి భయపడ్డాడు. ఆయన కర్రతో నేల మీద కొట్టారు.

"హబీబు మియా ఇల్లిడిసి పోయిన దినం, హజ్రత్," అన్నాడు ఖాజా మియా.

హబీబు మియా మౌల్వీగారి తమ్ముడు. ఇద్దరికీ మాట పట్టింపు వచ్చి, చిన్నాయన ఇల్లు వదిలి హైదరాబాదు వెళ్ళిపోయాడని నాకు తర్వాతెప్పుడో తెలిసింది. ఏ రోజు వెళ్ళాడో తెలియదు.

మౌల్వీగారు వెదురు వైపు ఒక అడుగు వేశారు.

"లాలప్పా, ఆ మాట నాదే," అన్నారు. "వీండ్లు నలుగురు అరబ్బీ రాసుకొని కలం కింద వెట్టిండ్రు. నేను నీకు తెలుగుల అర్థం చెప్తున్న. వాడు పెట్టె పట్టుకొని గడపల నిలవడ్డడు. నేను వాని మొకం సూడలే. గోడ దిక్కు సూసుకుంట, గడప దాటినోడు నా వాడు గాదు అన్న. నోట్ల తెలుగే ఆడుతుండె, తెలుగులనే వచ్చింది. వాడు దాటిండు. నేను లేసి లోపలికి పోయిన."

నాకు అప్పుడు అర్థమైంది. మిగతా నలుగురికీ ప్రవక్తగారి మాట అరబ్బీలో ఉంది, తర్వాత వచ్చినదేదైనా అది గురువుగారి సొంత మాటని వాళ్ళకు తెలిసిపోయేది. నాకు రెండూ తెలుగే. రెండూ ఒకే నోటి నుంచి, ఒకే గొంతుతో వచ్చాయి. పైగా నేను ఆ దాటినోడు, గాదు అన్నవాటిని సాపు చేసి, పుస్తకాల తెలుగులో అందంగా రాసుకున్నాను. అందంగా రాయబట్టే అది హదీసులాగా కనపడింది.

"హబీబు మియా..." అన్నాను.

"ఏడాదికే సచ్చిపోయిండు. నేను మయ్యత్తుకు, మట్టి ఇయ్యనీకి గూడ పోలే." ఆయన తలపాగా కొసతో కళ్ళు తుడుచుకున్నారు. "వాడు నా వాడే ఉండె, లాలప్పా."

ముసలాయన ఏడుస్తుంటే దగ్గరికి వెళ్ళడానికి లేదు. మధ్యలో వెదురు ఉంది, నా ఒంట్లో ఏముందో నాకే తెలియదు. అక్కడే కూర్చుని నేనూ ఏడ్చాను. సాయన్న మా ముగ్గురినీ వింతగా చూశాడు.

తర్వాత ఆయన గొంతు సవరించుకున్నారు. మళ్ళీ గురువుగారయ్యారు. "ఊరి పొలిమేర లోపల ఉన్న చేను గూడ ఊరే. గుడిసెలకు పోతె ఊరు ఇడిసినట్టు గాదు. జల్ది పోయి అందర్ని బయటికి తోలు. నీ పుస్తకంల ఆ మాటను చెరపకు. మీద గీత గియ్యి, కింద అక్షరాలు కనవడాలె. తప్పు ఏడ జరిగిందో ముందు వచ్చెటోళ్ళకు తెల్వాలె."

ఖాజా మియా పెన్సిల్ విసిరాడు. గీత గీశాను. గీత వంకరగా పోయింది.

"ఇంకొక మాట చెప్పాలె. చెప్పకుంటె నేను నేర్సిన ఇల్ముకు దొంగనైత," అన్నారు. "నువ్వు అబద్ధం ఆడెటోనివి గావు. గని మాట మీద నీ పట్టు మంచిది గాదు. చుక్క లేనిది సదివినవ్. ఇయ్యాల్టి నుంచి నీ నోట హదీసు తీసుకోవద్దని నలుగురికి చెప్త. జైనుల్లా పాఠం నడుమల సొంత మాట కలిపిండని గూడ చెప్త."

నా నాలుగేళ్ళ నడక, మా వాడ గౌరవం, గోడ పక్కన నిలబడి వినే ఆడవాళ్ళు, అంతా ఆ ఒక్క మాటతో పోయింది. కోపం రాలేదు. ఆయన చెప్పకపోతేనే ఆశ్చర్యపోయేవాణ్ణి.

"చిట్టీ రాసియ్యమంటవా?" అని అడిగారు.

"రాస్తె ఉర్దూల రాస్తరు. మా వాడల సదివెటోణ్ణి నేనే గద, హజ్రత్."

నేను వెనక్కి తిరిగాను.

వచ్చేటప్పుడు పరుగెత్తాను. పోయేటప్పటి భయం నా గురించి, వచ్చేటప్పటి భయం ఇరవై రెండు ఇళ్ళ గురించి. ఏ ఇంటి ముందు ఎవరు ఏడుస్తుంటారో అని చెవులు రిక్కించుకుని ఊళ్ళో అడుగుపెట్టాను. పొద్దు ఇంకా వాలలేదు. మసీదు ముందు నిలబడి కేక వేశాను. జనం వచ్చారు. నబీసాబు భార్య కూడా వచ్చింది.

చెప్పాను. ఒక్క ముక్క దాచకుండా చెప్పాను. చుక్క సంగతి, హబీబు మియా సంగతి, ఇకమీదట నా నోట హదీసు వినకూడదన్న సంగతి. నబీసాబు భార్య నా ముఖంలోకి చూస్తూ నిలబడింది. తిట్టినా బాగుండేది.

వాడలో పెద్దవాడు పీరయ్య ముందుకొచ్చాడు. "ఒరే లాలప్పా, గొలుసుల ఒక్కడు అబద్ధపోడైతె వాని మాట చెల్లదని నువ్వే సదివితివి. మొన్న సదివింది తప్పంటున్నవ్. మరి ఇయ్యాల చెప్పేది నిజమని మేమెట్ల నమ్మాలె? సర్కారోళ్ళు బెదిరిస్తె గిట్ల చెప్తున్నవేమో? గడప దాటినంక అల్లాకు ఏమని చెప్పుకోవాలె?"

ఆయన అన్నది అక్షరాలా నేను నేర్పిందే. నా మాట చెల్లనప్పుడు, నా మాట చెల్లదని చెప్పే మాట మాత్రం ఎట్లా చెల్లుతుంది? అందరూ తలూపారు. ఇద్దరు ముగ్గురు ఇళ్ళవైపు తిరిగారు కూడా. అంతమంది నేను చదివిన మాట వల్లే చచ్చిపోతారని, ఆపడానికి నా దగ్గర ఇంకో మాట లేదని అర్థమైంది.

అప్పుడు మా అక్క పిలిచింది. ఆమె రాలేదు. మసీదు ఎదురుగా ఉన్న తన ఇంటి గడప లోపల, బొంత కప్పుకుని కూర్చుని ఉంది.

"తమ్మీ, నీ తప్పు ఎవలన్న పట్టుకున్నరా?"

"లేదక్కా."

"నువ్వు రాసింది తప్పని ఈ వాడల ఎవలికన్న ఎరుకైందా?"

"ఎవలకెరుక? తెలుగు పుస్తకం నాదొక్కటే."

"చెప్పకుంటె నీ ఇజ్జత్ నీకు ఉంటుండె గద?"

"ఉంటుండె."

ఆమె పీరయ్య వైపు చూసింది. "ఇన్నవా? మంచి పేరు కోసం అబద్ధమాడెటోళ్ళను సూసిన. ఉన్న పేరు పోగొట్టుకునెతందుకు ఎవడన్న అబద్ధమాడుతడా? వాడు చెప్పేది నిజమే. లేవుండ్రి, మూటలు కట్టుండ్రి. పిల్లలకు నీళ్ళు పట్టుకోండ్రి."

నేను నాలుగేళ్ళు చదివి నేర్చుకోలేనిది మా అక్క కూర్చున్నచోటు నుంచి చెప్పింది. నిన్నటిదాకా గడప దాటొద్దని అందరినీ ఆపింది ఆమే కాబట్టి, ఆమె దాటమన్నాక ఎవరూ ఎదురు మాట్లాడలేదు. కాసేపటికి వాడంతా మూటలతో, మంచాలతో, మేకలతో కదిలింది.

"నువ్వు లేవక్కా," అన్నాను.

"ముసలోళ్ళను ముందు నడిపియ్యి. నేను కోళ్ళను గంప కింద మూసి వస్త. పో."

మా అక్క అబద్ధం ఆడుతుందని నాకు తోచనే లేదు. యాభై ఏళ్ళలో ఎప్పుడూ ఆడలేదు మరి. అందరినీ చేన్లలోకి చేర్చి, వెనక్కి చూశాను. ఆమె రాలేదు. పరుగెత్తుకుంటూ వచ్చాను. కోళ్ళు వీధిలోనే తిరుగుతున్నాయి. తలుపు లోపల గడియ పెట్టి ఉంది.

"అక్కా!"

"అరువకు. నిన్న పొద్దుగాల బిళ్ళ లేసింది. ఇయ్యాల నువ్వు యాడికో పోయినవని తెలిసి మంచిదే అయిందనుకున్న."

"తలుపు తియ్యి."

"తియ్య."

ఇప్పుడు చెప్పేది చెప్పకపోతే, పైన చెప్పినదంతా చెల్లదు. ఆ తలుపు పాతది, నాలుగు తన్నులు తంతే ఊడిపోయేది. నేను తన్నలేదు. నాకు భయం వేసింది. చావు భయం. చెయ్యి తలుపు మీద పెట్టి, తీసేశాను. మా అక్క నన్ను చంకన వేసుకుని పెంచింది కదా, ఆ చప్పుడులోనే ఆమెకు నా భయం తెలిసిపోయింది.

"తమ్మీ, ఈడ కూసోకు. చేన్లకు పో. పరేషాన్ గాకు. నువ్వు గడప దాటినా నా వాడివే," అంది.

నేను పోలేదు, లోపలికీ వెళ్ళలేదు. అరుగు మీద కూర్చున్నాను. కిటికీలోంచి చెంబుతో నీళ్ళు పెడితే, చెయ్యి చాచి తీసుకునేది. రెండో రోజు మధ్యాహ్నం పెట్టిన చెంబు అట్లాగే ఉండిపోయింది.

చేన్లకు వెళ్ళినవాళ్ళలో ఇద్దరు పోయారు, మిగతావాళ్ళు బతికారు. ఊళ్ళోకి తిరిగొచ్చాక నేను దూది ఏకుకుంటూ బతికాను. ఎవరు అడిగినా హదీసు చెప్పలేదు. పుస్తకం మాత్రం ఉంది. గీత కొట్టిన వాక్యం కింద, గురువుగారు చెప్పిన పద్ధతిలో, ఇది మౌల్వీ జైనుల్లా తన తమ్ముడితో అన్న మాట, తప్పుగా రాసినవాడు లాలప్ప, అని రాశాను. దాని కింద కొంచెం చోటు మిగిలింది. అక్కడ ఇంకొక మాట రాశాను, దాని చివర సున్న గీశాను. ఎవరికి చదివి వినిపించి చుక్క పెట్టించుకోవాలో తెలియక, ఆ సున్న కూడా ఖాళీగానే ఉంది.

నువ్వు గడప దాటినా నా వాడివే. ఇది మా అక్క హుసేనమ్మ చెప్పింది. నేను నా చెవులతో విన్నాను. మధ్యలో ఎవరూ లేరు, ఒక తలుపు ఉంది.